సర్మద్: తోరాను, ప్రేమను వదలని మనిషి

తాండూరులోనైనా, వికారాబాద్‌లోనైనా మగవాణ్ణి ప్రేమించిన దళిత యువకుణ్ణి వాడనో, ప్రేమనో ఒకటి వదులుకోమంటారు. అందుకే సర్మద్ జీవితాన్ని మేం గుర్తుచేస్తున్నాం.

ఆయన పర్షియా నుంచి వచ్చిన యూదు వర్తకుడు. ఇస్లాం స్వీకరించినా యూదు చదువు మరవలేదు. సింధ్‌లోని ఠట్టాలో అభయ్ చంద్‌పై మనసుపడి ఆస్తిని, చివరికి బట్టల్ని కూడా వదిలేశారు. అభయ్ చంద్‌కు తోరా నేర్పారు. అందులో కొంత భాగాన్ని అభయ్ చంద్ పారశీకంలోకి తెచ్చారు. సర్మద్ తర్వాత గోల్కొండ రాజ్యానికి చేరారు. 1647లో హైదరాబాద్‌లో ఆయన్ను కలిసిన రచయిత ఆ అనువాదాన్ని దబిస్తాన్ గ్రంథంలో చేర్చారు.

1661లో ఔరంగజేబు పాలనలో, దిగంబరత్వం, మతద్రోహం నేరాలు మోపి ఢిల్లీలో తల నరికారు. జామా మసీదు పక్కనున్న ఆయన సమాధికి జనం నేటికీ వస్తారు.

ప్రేమ ఆయన్ను తోరాకు దూరం చేయలేదు. ప్రేమించిన మనిషి చేతుల మీదుగానే అది పారశీక పాఠకులకు అందింది. ఒకటి వదులుకోమనడమే అన్యాయమని మేం అంటున్నాం.