బాబీ టిమ్మన్స్: పక్కవాళ్లు విన్న బాణీ

మీ పిల్లలు ఏదో కూనిరాగం తీస్తుంటే ఒక్క నిమిషం ఆగి విన్నారా?

బాబీ టిమ్మన్స్ 1935లో అమెరికాలోని ఫిలడెల్ఫియాలో పుట్టారు. పాస్టర్ అయిన తాతగారి దగ్గర పెరిగి, ఆయన చర్చిలోనే ఆర్గన్ వాయించారు. 1958లో ఆర్ట్ బ్లేకీ జాజ్ బృందంలో పియానిస్టుగా చేరారు. పాటకూ పాటకూ మధ్య సరదాగా ఓ చిన్న బాణీ వాయించేవారు. ఆయన దృష్టిలో అదేమంత గొప్పది కాదు. తోటి కళాకారుడు బెన్నీ గోల్సన్ మాత్రం దాన్ని పూర్తి చేయమని పట్టుబట్టారు. అలా తయారైన 'మోనిన్' ఆ ఏడాదే రికార్డయి ఎంతో పేరు తెచ్చుకుంది. తర్వాత కానన్‌బాల్ ఆడర్లీ బృందంలో వాయించిన 'దిస్ హియర్' కూడా అంతే. చర్చి పాటల ఒరవడి కలిసిన ఇలాంటి సంగీతానికే సోల్ జాజ్ అని పేరు.

ఆ పేరే ఆయనకు ముద్రగా మారింది. నెమ్మదైన పాటలనూ చక్కగా వాయించగలిగినా, శ్రోతలకు ఆయన ఆ రెండు మూడు బాణీల మనిషే. తాగుడు ఆరోగ్యాన్ని తినేసింది. 1974లో కాలేయ వ్యాధితో 38 ఏళ్లకే కన్నుమూశారు.

మీ పిల్లలలో దాగిన చిన్న బాణీని గుర్తించండి, పూర్తి చేయమనండి. కానీ వాళ్లంటే అదొక్కటేనని మాత్రం ముద్ర వేయకండి.