ఎప్పటిలాగే

మాది యానాం. హాస్టల్లో ఆ మాట చెప్పగానే, అయితే నీకు ఫ్రెంచి వచ్చుగా అంటారు. రాదు. మా తాతయ్యకి కొద్దిగా వచ్చు, చిన్నప్పుడు బళ్ళో నేర్చుకున్నది. ఆయన దగ్గర పుదుచ్చేరి చుట్టాలు తెచ్చిచ్చిన క్యాసెట్టు ఒకటి ఉండేది. పాడినాయన పేరు క్లోద్ ఫ్రాంస్వా. మాట ఒక్కటీ అర్థమయ్యేది కాదు గానీ, ఆ పాటలకి నేను మేడ మీద గంతులేసేదాన్ని. ఈసారి గోడపత్రికకి ఆయన గురించే రాస్తున్నాను.

ఫ్రాన్సంతా ఎరిగిన ఈ గాయకుడు పుట్టింది ఫ్రాన్సులో కాదు, ఈజిప్టులో. 1939 ఫిబ్రవరి 1న, సూయజ్ కాలువ ఒడ్డునున్న ఇస్మాయిలియాలో. నాన్న కాలువ కంపెనీలో ఓడల రాకపోకలు చూసే ఉద్యోగి. కలిగిన కుటుంబమే. 1956లో నాసర్ ప్రభుత్వం కాలువని జాతీయం చేసింది. వీళ్ళు ఉన్నదంతా వదిలేసి మొనాకో చేరారు. అంతకు రెండేళ్ళ ముందే మా ఊరినుంచి ఫ్రెంచివాళ్ళు సర్దుకుని వెళ్ళారు. ఆ కథ మేం సంతోషంగానే చెప్పుకుంటాం. కాలువ ఈజిప్టువాళ్ళ చేతికి రావడమూ న్యాయమే. కానీ పదిహేడేళ్ళ కుర్రాడికి అది పుట్టి పెరిగిన ఊరు కదా!

మొనాకోలో నాన్న జబ్బుపడ్డాడు. కొడుకు పగలు బ్యాంకులో గుమస్తా, రాత్రి హోటళ్ళలో డ్రమ్స్. ఇక సంగీతమే బతుకుతెరువు అనేసరికి తండ్రి అతనితో మాట్లాడ్డం మానేశాడు. 1961లో ఆ పంతం తీరకుండానే పోయాడు. ఇది చదివి నేను చాలాసేపు పుస్తకం మూసేశాను. మా నాన్న కూడా డిగ్రీ అవగానే బ్యాంకు పరీక్షలు రాయమంటున్నారు. సంగీతం డిప్లొమా దరఖాస్తు నా పెట్టెలో బట్టల కింద ఉంది. పోయిన సెలవుల్లో చెప్పబోయి, పులుసులో ఉప్పెక్కువైందని మాట మార్చేశాను. గడువు ఈ నెలాఖరు.

సరే, అసలు కథకి వద్దాం. 1962లో కోకో అనే పేరుతో వేసిన మొదటి రికార్డు ఎవరూ కొనలేదు. అదే ఏడాది చివర్లో వచ్చిన ‘బెల్ బెల్ బెల్’తో దశ తిరిగింది. అది అమెరికా పాటకి ఫ్రెంచి మాటలు. తర్వాత కూడా అలాంటివి చాలా పాడాడు. మన డబ్బింగు పాటల్లాగే అన్నమాట. కాపీరాయుడేనా అని నేనూ తేలిగ్గా తీసేయబోయాను.

1967లో లెక్క తిరగబడింది. ఫ్రాన్స్ గాల్ అనే గాయనితో ప్రేమ చెడింది. జాక్ రెవో కట్టిన ఒక బాణీకి తనూ చెయ్యి వేసి, జీల్ తిబోతో కలిసి మాటలు కూర్చాడు. పాట పేరు ‘కోం దాబిత్యూద్’, అంటే ఎప్పటిలాగే. ప్రేమ ఇంకిపోయినా ఒకే ఇంట్లో, ఏమీ జరగనట్టు, రోజులు వెళ్ళదీసే జంట కథ అది. పాల్ ఆంకా ఆ బాణీకి హక్కులు తీసుకుని ఇంగ్లీషులో పూర్తిగా వేరే మాటలు రాశాడు. 1968 డిసెంబరు 30న ఫ్రాంక్ సినాత్రా దాన్ని రికార్డు చేశాడు. అదే ‘మై వే’. ఇన్నాళ్ళూ అరువు తెచ్చుకున్నవాడి పాటని అమెరికా అరువు తీసుకుంది! లోకానికి ఇంగ్లీషుదే తెలుసు. నాకు మాత్రం ఛాతీ విరుచుకునే ఆ పాటకన్నా, అలిసిపోయిన ఫ్రెంచి పాటే నిజమనిపిస్తుంది.

పనిలో రాక్షసుడు. వెనక క్లోదెత్ అనే అమ్మాయిల డాన్సు బృందం, సొంత రికార్డు కంపెనీ, సొంత పత్రిక. 1970లో మార్సేలో వేదిక మీదే కుప్పకూలాడు. 1975లో లండన్ హోటల్లో బాంబు పేలితే గాయాలతో బయటపడ్డాడు. రెండో కొడుకు పుట్టిన సంగతి అభిమానులకి తెలియకుండా ఏళ్ళ తరబడి దాచాడు. పేరు కోసం పసివాణ్ణి దాచడం నాకు అస్సలు నచ్చలేదు, రాయకుండా ఉండలేకపోయాను.

1978 మార్చి 11. పారిస్‌లో తన ఇంట్లో స్నానం చేస్తున్నాడు. గోడకున్న దీపం సరిగ్గా లేదని తడిచేత్తో సరిచేయబోయాడు. కరెంటు కొట్టింది. 39 ఏళ్ళు.

15న అంత్యక్రియలు. ‘అలెక్సాండ్రీ అలెక్సాండ్రా’ రికార్డు అదే రోజు బజారులోకి వచ్చింది. తాతయ్య క్యాసెట్టులో రెండోవైపు మొదటి పాట అదే, నేను ఎక్కువగా గంతులేసింది దానికే. అది ఈజిప్టు గురించిన పాటని మొన్ననే తెలిసింది.