మాలపిల్ల పాత్రధారిణి కాంచనమాల

పురాణగాథలే తెలుగు వెండితెరను ఏలుతున్న కాలంలో అంటరానితనాన్నీ, బాలవితంతువుల దైన్యాన్నీ, విద్యావంతుల నిరుద్యోగాన్నీ ప్రేక్షకుల ముందుంచిన చిత్రాలు కొన్ని వెలువడ్డాయి. వాటిలో పలు చిత్రాల నాయిక కాంచనమాల. ఆమె సౌందర్యాన్ని స్మరించేవారు నేటికీ ఉన్నారు. ఆ చిత్రాలు సంధించిన ప్రశ్నలను స్మరించడం అంతకన్న అవసరం.

1917లో తెనాలి ప్రాంతంలో జన్మించిన కాంచనమాల 1935లో ‘శ్రీకృష్ణ తులాభారం’ ద్వారా చిత్రసీమలో ప్రవేశించారు. తొలుత లభించినవి పౌరాణిక పాత్రలే. 1938లో ఆమె జీవితం మలుపు తిరిగింది. మన కృష్ణా డెల్టాకు చెందిన గూడవల్లి రామబ్రహ్మం, చల్లపల్లి జమీందారు అండతో నెలకొన్న సారథి సంస్థ పక్షాన, చలం కథ ఆధారంగా ‘మాలపిల్ల’ను రూపొందించారు. తాపీ ధర్మారావు సంభాషణలను వాడుక భాషలో రచించారు.

తిరువాన్కూరు సంస్థానంలో దేవాలయ ద్వారాలు అందరికీ తెరచుకొన్నది 1936లో. మద్రాసు రాష్ట్రంలో ఆలయ ప్రవేశ చట్టం వచ్చినది 1939లో. ఈ రెంటి నడుమ వెలువడిన ‘మాలపిల్ల’ గతించిన పోరాటపు కథ కాదు. నాడు ఊరూరా సాగుతున్న సంఘర్షణకు ప్రతిబింబం. బ్రాహ్మణ యువకుని ప్రేమించిన మాలపల్లె యువతి సంపలతగా నటించడమంటే సనాతనుల ఆగ్రహానికి ఎదురు నిలవడమే. కాంచనమాల అందుకు వెనుదీయలేదు. మంటలలో చిక్కిన శాస్త్రిగారి భార్యను హరిజనుడు కాపాడడంతో ఆయన హృదయం కరగడం ఆ చిత్రంలోని కీలక ఘట్టం.

మరుసటి సంవత్సరం వితంతు వివాహాన్ని సమర్థించిన ‘మళ్ళీ పెళ్ళి’లోనూ, నిరుద్యోగ సమస్యను స్పృశించిన వాహినీ వారి ‘వందేమాతరం’లోనూ ఆమెయే నాయిక. 1940లో రామబ్రహ్మం ‘ఇల్లాలు’లో నటించారు. 1942లో జెమినీ వారి ‘బాలనాగమ్మ’ ఘనవిజయం సాధించింది. అప్పటికి ఆమె వయస్సు పాతికేండ్లు మాత్రమే.

ఆ కీర్తిశిఖరం మీదనే కథ తిరగబడింది. మానసిక అస్వస్థత ఆమెను తెరకు దూరం చేసింది. సాటి నటి లక్ష్మీరాజ్యం ఆమెను ఆదరించి, 1963లో తాను నిర్మించిన ‘నర్తనశాల’లో ఒక చిన్న పాత్ర ఇప్పించారు. 1981లో కాంచనమాల కన్నుమూశారు.

తెరపై స్త్రీకి న్యాయం కోరిన చిత్రసీమ తెర వెనుక తన నాయికను నిలుపుకోలేకపోయింది. ఆమెకు నీడనిచ్చినది ఒక స్నేహితురాలి మనస్సు. విద్యార్థులారా, చిత్రాన్ని చూచినప్పుడు నాయిక అందాన్ని మెచ్చుకోండి, తప్పులేదు. ఆ చిత్రం ఎవరి పక్షాన నిలిచిందో, అందులో శ్రమించినవారి బ్రతుకు ఏమైనదో కూడా అడగండి.