హిమాలయదర్శనం లభించని పర్వతయాత్రికుడు

ప్రపంచంలోని మహాపర్వతశ్రేణులను ఒకదానితో ఒకటి పోల్చి పరిశీలించిన తొలి శాస్త్రజ్ఞులలో అగ్రగణ్యుడు అలెగ్జాండర్ వాన్ హంబోల్టు. అతడు 1769 సెప్టెంబరు 14వ తేదీన బెర్లిన్ నగరంలో జన్మించినాడు. బాల్యంలోనే తండ్రి గతించినాడు. తల్లి అభీష్టం మేరకు ప్రభుత్వోద్యోగంలో ప్రవేశించి గనుల తనిఖీ అధికారియైనాడు. గనికార్మికుల అజ్ఞానానికి జాలిపడి సొంత ధనంతో వారికొక పాఠశాలను నెలకొల్పినాడు. 1796లో తల్లి మరణించిన పిదప, సంక్రమించిన ఆస్తినంతటినీ దేశాటనకు, గ్రంథప్రచురణకు వినియోగింప నిశ్చయించి ఉద్యోగం వదలుకొన్నాడు.

1799 జూన్ 5న వృక్షశాస్త్రజ్ఞుడైన బోన్‌ప్లాతో కలిసి స్పెయిన్ తీరంనుండి ఓడ ఎక్కినాడు. దక్షిణ అమెరికా పడమటి అంచున సుమారు 7,000 కిలోమీటర్ల పొడవున సాగిన ఆండీస్ శ్రేణి అతని ప్రయోగశాలయైనది. ఇప్పటి ఈక్వడారు దేశంలోని చింబొరాజోను ఆనాటి యూరప్ పండితులు లోకంలోకెల్ల ఉన్నతశిఖరమని నమ్మేవారు. 1802 జూన్ 23న హంబోల్టు దానిని ఎక్కినాడు. ఊపిరి అందకున్నా, చిగుళ్లనుండి నెత్తురు కారుతున్నా, భారమితిని విడువలేదు. అతని లెక్క ప్రకారం 19,000 అడుగులు దాటిన తరువాత ఒక అగాధం దారికి అడ్డుపడినది. శిఖరం చేరకుండానే మరలవలసివచ్చినది.

అయినా ఆ శ్రమ వ్యర్థం కాలేదు. కొండ పాదాన ఉష్ణమండలపు అరణ్యం, ఆపైన పొదలు, గడ్డినేలలు, చివరకు శాశ్వతహిమం. ఎత్తు పెరిగినకొద్దీ వేడిమి తగ్గుతుందనీ, దానిని అనుసరించి వృక్షజాతి మారుతుందనీ అతడు 1807లో ఒక చిత్రపటంద్వారా లోకానికి చూపినాడు.

ఇంతలో హిమాలయశిఖరాలు చింబొరాజోను మించినవని భారతదేశంలోని సర్వే అధికారుల కొలతలవల్ల తెలిసినది. వాటిని చూడవలెనని హంబోల్టు ఎంతగానో తపించినాడు. పలుమార్లు లండనుకు వెళ్లి యత్నించినా ఈస్టిండియా కంపెనీ అనుమతి దొరకలేదు. వలసపాలనను విమర్శించిన అతని రచనలే అందుకు కారణమని పలువురు చరిత్రకారుల అభిప్రాయం. అతడు నిరాశతో చేతులు ముడుచుకొనలేదు. ఇతరులు తెచ్చిన కొలతలను పరిశీలించి, హిమాలయాల దక్షిణపు వాలుకంటె ఉత్తరపు వాలుపై మంచురేఖ ఎగువన ఉండుటకు టిబెట్టు పీఠభూమి పొడిగాలి, వేడిమి కారణమని వివరించినాడు.

1829లో రష్యా చక్రవర్తి ఆహ్వానంపై, యూరప్ ఆసియాల నడుమ నిలిచిన యూరల్ శ్రేణిని, సైబీరియా దక్షిణాన ఉన్న అల్టాయి పర్వతాలను దర్శించి చైనా సరిహద్దువరకు పోయినాడు. ఆ యాత్రలోనే అతనికి అరువది ఏండ్లు నిండినవి. హిమాలయాలు మాత్రం ఇంకా దూరంగానే నిలిచిపోయినవి.

తుదకు అతని సిఫారసుపై ష్లాగింట్‌వైట్ సోదరులు 1854లో భారతదేశానికి వచ్చి హిమాలయ, కారకోరం శ్రేణులను పరిశోధించినారు. వారిలో ఒకడైన అడాల్ఫు 1857లో కాష్గరువద్ద హతుడైనాడు. తాను చూడలేని కొండలను శిష్యతుల్యులైన యువకుల కన్నులతో చూచిన ఆ వృద్ధుడు, 1845లో ప్రకటింప ప్రారంభించిన ‘కాస్మాస్’ గ్రంథాన్ని వ్రాస్తూనే 1859 మే 6న బెర్లిన్‌లో కన్నుమూసినాడు. ఐదవ సంపుటం అసంపూర్ణంగా మిగిలినది.