న్యాయపతి రాఘవరావు

న్యాయపతి రాఘవరావు (ఏప్రిల్ 13, 1905 - ఫిబ్రవరి 24, 1984) రేడియో అన్నయ్యగా తెలుగువారికి సుపరిచితుడైన ప్రసారకుడు, బాలసాహిత్య రచయిత, పత్రికా సంపాదకుడు. ఈయన ప్రస్తుత ఒడిషాలోని బరంపురంలో జన్మించాడు. భార్య కామేశ్వరి రేడియో అక్కయ్యగా ప్రసిద్ధి పొందింది.

రేడియోలో

మద్రాసు ఆకాశవాణి కేంద్రం 1938 జూన్ 16న ప్రారంభమైంది. ఆ కేంద్రం నుండి ఈ దంపతులు తెలుగు పిల్లల కోసం బాలానందం కార్యక్రమాన్ని నిర్వహించారు. ఆనాటి ప్రసారాలు చాలావరకు ప్రత్యక్షంగా సాగేవి. టేపు రికార్డింగు వాడుకలోకి రావడానికి ఇంకా చాలా కాలం పట్టింది. మైకు ముందు తప్పిన మాటను దిద్దుకొనే వీలు లేదు. చేతిలోని కాగితం కదిలినా ఆ చప్పుడు శ్రోతలకు వినబడేది. పెద్ద కళాకారులకే కష్టమైన ఈ పరిస్థితిలో పిల్లల చేత పాటలు పాడించి, కథలు చెప్పించి, నాటికలు వేయించడం ఈ దంపతుల ప్రత్యేకత. అన్నయ్య, అక్కయ్య అనే వరుసల వల్ల పిల్లలకు బెరుకు లేకుండా పోయింది.

1956లో ఆంధ్రప్రదేశ్ అవతరించిన తరువాత వీరు హైదరాబాదుకు తరలివచ్చి, అక్కడి ఆకాశవాణి కేంద్రంలో తమ కృషిని కొనసాగించారు.

ఇతర కృషి

ప్రత్యక్ష ప్రసారం ఆ క్షణంతోనే ముగిసిపోతుంది. రేడియో లేని ఇళ్ళ పిల్లలకు అది అందదు. ఆ రోజుల్లో రేడియో కొనగల కుటుంబాలు కొద్ది. రాఘవరావు స్థాపించిన సంఘం, నడిపిన పత్రిక ఈ లోటును కొంతవరకు పూరించాయి. పిల్లలు ఒకచోట చేరి ఆటపాటలు నేర్చుకొనేందుకు 1940లో ఆయన స్థాపించిన సంస్థ ఆంధ్ర బాలానంద సంఘంగా పేరుపొందింది. 1945లో ఆయన సంపాదకత్వంలో బాల మాసపత్రిక వెలువడింది. ముళ్ళపూడి వెంకటరమణ తొలి కథ ఆ సంవత్సరమే అందులో అచ్చయింది. చిత్రకారుడు బాపు చిన్ననాటి బొమ్మలకు కూడా బాల చోటిచ్చింది. పిల్లలే నటించిన బాలానందం చలనచిత్రం 1954లో విడుదలైంది.

మరణం, ప్రభావం

కామేశ్వరి 1980లో, రాఘవరావు 1984లో మరణించారు. తొలినాటి ప్రసారాలు చాలావరకు గాలిలోనే కలిసిపోయాయి. అయినా వారి వద్ద మైకు ముందు నిలబడడం నేర్చుకొన్న పిల్లలలో పలువురు పెద్దయ్యాక సాహిత్య, సంగీత, నాటక రంగాలలో రాణించారు. రేడియో అన్నయ్య, రేడియో అక్కయ్య అనే పేర్లు మాత్రం ఆ తరం శ్రోతల ఇళ్ళలో బంధువుల పేర్లుగానే నిలిచిపోయాయి.