మంచుఖండమును చిత్రించిన పాంటింగ్

భూగోళమునకు దక్షిణాగ్రమున అంటార్కిటికా యను మంచుఖండము కలదు. అచ్చట చెట్టు లేదు, ఊరు లేదు, శీతకాలమున నెలల తరబడి సూర్యుడు కానరాడు. ఆ సీమ సౌందర్యమును చలనచిత్రముగా తీసి లోకమునకు చూపిన ధీరుడు హెర్బర్ట్ పాంటింగ్.

పాంటింగ్ 1870వ సంవత్సరమున ఇంగ్లండులోని సాలిస్‌బరీ పట్టణమున జన్మించెను. తండ్రివలె తానును బ్యాంకులో చేరెను గాని, లెక్కల పుస్తకములయందు ఆతని మనస్సు నిలువలేదు. అమెరికాలోని కాలిఫోర్నియాకు పోయి పండ్లతోటలు పెంచి నష్టపడెను. తుదకు ఛాయాచిత్రకళ నాశ్రయించి, జపాను, చైనా, భారతదేశము మొదలగు దేశములు తిరిగి పేరుపొందెను.

1910వ సంవత్సరమున కెప్టెన్ స్కాట్ దక్షిణధ్రువమును చేర సంకల్పించి, పాంటింగును తన బృందమునకు చిత్రకారునిగా నియమించెను. వారి ఓడ మంచును చీల్చుకొని పోవుచుండగా, పాంటింగ్ ఓడ ప్రక్కకు చెక్కలు కట్టించి, వానిపై సముద్రముమీదికి వ్రేలాడుచు ఆ దృశ్యమును చిత్రించెను.

1911 జనవరిలో ఓడ రాస్ ద్వీపమును చేరెను. ఒకనాడు ఆతడు మంచు అంచున తిమింగిలములను చిత్రింపబోవుచుండగా, ఎనిమిది ఓర్కా తిమింగిలములు మంచు క్రిందికి దూరి, వీపులతో మోది, ఆతని కాళ్లక్రింది మంచును ముక్కలు చేసెను. ఒక ముక్కనుండి వేరొక ముక్కకు దుముకుచు ఆతడు ప్రాణములు దక్కించుకొనెను. మరియొకమారు నాలుక కొన కెమెరా లోహమునకు తగిలి చలికి అంటుకొనగా, చర్మమూడిన గాని విడివడలేదు. అయినను ఆతడు పని మానలేదు. చిత్రములు కడుగు ఇరుకైన చీకటిగదియే ఆతనికి పడకగది. తీరిక వేళల సహచరులకు ఛాయాచిత్రములు తీయుట నేర్పెను. ఆ శిష్యులలో బోవర్స్ ఒకడు.

1912 మొదట పాంటింగ్ ఓడపై స్వదేశమునకు మరలెను. స్కాట్, బోవర్స్ మొదలగు అయిదుగురు 1912 జనవరి 17న ధ్రువమును చేరిరి. నార్వే దేశీయుడగు అముండ్సెన్ 1911 డిసెంబరు 14నే అచ్చటికి చేరియుండెను. నిరాశతో మరలిన ఆ అయిదుగురును ఆకలిచేతను చలిచేతను దారిలోనే మరణించిరి. నవంబరులో వెదకబోయినవారికి మంచులో గుడారము కనబడెను. అందులో కొన్ని ఫిల్ములు దొరకెను. వానిలో అయిదుగురును ధ్రువమున కూడియున్న చిత్రమొకటి. బోవర్స్ దారము లాగి, తానును అందు కనబడునట్లు దానిని తీసెను. పాంటింగ్ నేర్పిన విద్య ఆ వీరుల కడపటి రూపములను కాపాడెను.

మిత్రుల మరణము పాంటింగ్ హృదయమును గాయపరచెను. వారి స్మృతిని నిలుపుటయే ఆతని జీవితవ్రతమయ్యెను. సొంత ధనము వెచ్చించి తన చిత్రముల హక్కులను కొనెను. 1914లో అయిదవ జార్జి చక్రవర్తి యెదుట వానిని ప్రదర్శించెను. మొదటి ప్రపంచయుద్ధ కాలమున సైనికులెందరో వానిని చూచి ధైర్యము పొందిరి. 1924లో వానిని మూకీ చిత్రముగా కూర్చెను. 1933లో ధ్వనితో మరల వెలువరించెను. ఇంత శ్రమపడినను ధనము చేకూరలేదు. 1935లో లండను నగరమున ఆతడు మరణించెను.

శిథిలమగుచున్న ఆ మూకీ చిత్రమును బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ వారు 2010లో పునరుద్ధరించిరి. పాంటింగ్ ధ్రువమును చేరలేదు, సిరిసంపదలను గడింపలేదు. అయినను తాను ప్రేమించిన ప్రకృతిని, మిత్రులను కాలము మ్రింగకుండ కాపాడెను. చేపట్టిన పనిని ఫలమెట్లున్నను తుదివరకు విడువనివాని శ్రమ వ్యర్థము కాదని ఆతని జీవితము మనకు తెలుపుచున్నది.