మణికట్టు ఎముకకు పేరైన వైద్యుడు – అబ్రహాం కోలీస్

వర్షాకాలంలో మన చోడవరం ప్రాంతపు చెరకు తోటల గట్లు ఎంత జారుడుగా ఉంటాయో విద్యార్థులకు వేరుగా చెప్పనక్కరలేదు. కాలు జారినవాడు తన్ను తాను కాపాడుకొనేందుకు అప్రయత్నంగా అరచేతిని నేలకు ఆనిస్తాడు. దేహభారమంతా ఆ ఒక్క చేతిమీద పడుతుంది. మరుక్షణంలో మణికట్టు వాచి, వంకర తిరుగుతుంది. ఇంటి పెద్దలు బెణికిందంటారు. ఇరుగుపొరుగువారు కీలు తప్పిందంటారు. ఆస్పత్రిలో వైద్యుడు మాత్రం చేతిని పరీక్షించి చీటీమీద కోలీస్ ఫ్రాక్చర్ అని వ్రాస్తాడు. మన పొలం గట్టున విరిగిన చేతికి ఎక్కడో ఐర్లండు దేశస్థుని పేరు ఎందుకు వచ్చింది? ఆయన కనుగొన్నదేమిటి? ఈ ప్రశ్నలకు సమాధానం తెలుసుకోవాలంటే సత్యంకోసం శ్రమించిన ఒక మనిషి జీవితాన్ని తెలుసుకోవాలి.

అబ్రహాం కోలీస్ 1773లో ఐర్లండులోని కిల్కెన్నీ పట్టణ సమీపాన జన్మించాడు. తండ్రి నల్లచలువరాతి గని యజమాని. కుమారుని బాల్యంలోనే ఆయన మరణించగా తల్లి ఆ గని వ్యవహారాలను తానే చూచుకొంటూ బిడ్డలను చదివించింది. కోలీస్ బాల్యాన్ని గురించి ఒక కథ ప్రచారంలో ఉన్నది. ఒకసారి వరద వచ్చి ఊరి వైద్యుని ఇంటిలోని వస్తువులను కొట్టుకొనిపోయిందట. అందులోని ఒక శరీరశాస్త్ర గ్రంథం పొలంలో ఈ బాలునికి దొరికింది. తిరిగి ఇవ్వబోగా వైద్యుడు అతని ఆసక్తిని గమనించి ఆ గ్రంథాన్ని అతనికే బహూకరించాడట. వరద తెచ్చిన పుస్తకం జీవితానికి దారి చూపిందని ఆయన చరిత్రకారులు చెప్పుకొంటారు.

1790లో కోలీస్ డబ్లిన్ నగరంలోని ట్రినిటీ కళాశాలలో చేరాడు. అదే కాలంలో డాక్టర్ స్టీవెన్స్ ఆస్పత్రిలో ఒక శస్త్రవైద్యుని వద్ద శిష్యరికం చేశాడు. 1795లో ఐర్లండు రాయల్ శస్త్రవైద్య కళాశాల నుండి యోగ్యతాపత్రాన్ని, 1797లో ఎడింబరో విశ్వవిద్యాలయం నుండి ఎం.డి. పట్టాన్ని పొందాడు. అక్కడినుండి లండనుకు కాలినడకన వెళ్ళాడని చెబుతారు. లండనులో సుప్రసిద్ధ శస్త్రవైద్యుడైన ఆస్ట్లీ కూపర్‌కు శవపరిచ్ఛేదన కార్యంలో తోడ్పడి, స్వదేశానికి తిరిగి వచ్చాడు. 1799లో స్టీవెన్స్ ఆస్పత్రిలో నియమితుడై 1841 వరకు, అనగా 42 సంవత్సరాలు, అక్కడనే సేవ చేశాడు. ముప్పది ఏండ్లు నిండకమునుపే, 1802లో, శస్త్రవైద్య కళాశాలకు అధ్యక్షుడయ్యాడు. 1804 నుండి 1836 వరకు అక్కడ ఆచార్య పదవిని అలంకరించాడు.

ఆయన కీర్తికి మూలమైనది మాత్రం ఒక చిన్న వ్యాసం. దాని విలువ తెలియాలంటే నాటి స్థితి తెలియాలి. ఎముక విరగడం వేరు, కీలు తొలగడం వేరు అన్న సంగతి ప్రాచీనులు ఎరుగనిది కాదు. మన సుశ్రుతుడు కీలు తొలగడాన్ని ఆరు విధాలుగాను, ఎముక విరగడాన్ని పన్నెండు విధాలుగాను విభజించాడు. ఇబ్నెసీనా తన వైద్యగ్రంథం 'కానూన్'లో ఈ రెండింటిని వేర్వేరుగా చర్చించాడు. అయినప్పటికీ మణికట్టు దెబ్బల విషయంలో పందొమ్మిదో శతాబ్దారంభం నాటి వైద్యులు తరచు పొరబడుతుండేవారు. చేతి ఆకారం చూచి, కీలు తొలగిందని నిర్ణయించి, దానికి తగిన చికిత్స చేసేవారు. చేతిని లాగినప్పుడు వంకర సరి అయ్యేది. వదలగానే మరల వచ్చేది. రోగి జీవితాంతం వంకర చేతితో బ్రతికేవాడు. అందువల్ల, జబ్బు పేరు తప్పయితే మందు కూడ తప్పే అవుతుంది.

కోలీస్ తన ఆస్పత్రికి వచ్చిన అటువంటి రోగులను ఏళ్ళ తరబడి శ్రద్ధగా పరీక్షించాడు. ఆనాటికి ఎక్స్‌రే లేదు. రాంట్‌జెన్ దానిని కనుగొన్నది 1895లో. ఈ విధంగా విరిగిన చేతిని కోసి చూచే అవకాశం కూడ ఆయనకు లభించలేదు. ఆయనకున్న సాధనాలు రెండే: కన్ను, వ్రేలికొన. ఒక చేతితో రోగి చేతిని లాగుతూ, మరొక చేతి వ్రేళ్ళతో ఎముకను తడిమి చూచాడు. విరిగిన కొసలు కదిలి లొంగడం వ్రేళ్ళకు తెలిసింది. దెబ్బ తగిలినది కీలుకు కాదు. ముంజేతిలో బొటనవ్రేలి వైపుండే రత్ని, అనగా రేడియస్ అనే ఎముకకు. అది మణికట్టుకు సుమారు అంగుళంన్నర పైన విరిగి, క్రింది కొస వెనుకకు జరిగిందని ఆయన నిర్ణయించాడు. ఈ విషయాన్ని 1814లో ఎడింబరో వైద్యపత్రికలో ప్రకటించాడు. మూడు సంవత్సరాలలో కీలు తొలగిన రోగి ఒక్కడైనా తన కంటబడలేదనీ, ఎముక విరిగినవారు మాత్రం ఎందరో కనిపించారనీ అందులో తెలియజేశాడు. విరిగిన ఎముక సరియైన స్థానంలో నిలిచేందుకు బద్దలు ఎట్లా కట్టాలో కూడ వివరించాడు.

ఎనభై ఏండ్ల తరువాత ఎక్స్‌రే వచ్చి ఆయన వ్రేలికొనలు చెప్పినదే నిజమని నిరూపించింది. అయితే మహనీయులు పొరపాట్లకు అతీతులు కారు. సుఖవ్యాధులను గురించి 1837లో ఆయన వెలువరించిన గ్రంథంలోని ఒక సూత్రం 'కోలీస్ నియమం'గా ప్రసిద్ధి చెందింది. పుట్టుకతో సిఫిలిస్ ఉన్న శిశువుకు పాలిచ్చినా తల్లికి ఆ జబ్బు సోకదని దాని సారాంశం. తల్లి శరీరంలో అదివరకే ఆ వ్యాధి ఉండడమే అందుకు కారణమని తరువాతి రక్తపరీక్షలు తెలిపాయి. ఆయన గమనించినది సత్యమే. చెప్పుకొన్న కారణమే సరి కాలేదు.

1839లో బారొనెట్ బిరుదు ఇవ్వజూపగా ఆయన దానిని వినయంతో నిరాకరించాడు. 1843లో తన మరణం సమీపించిందని గ్రహించినప్పుడు చేసిన ఏర్పాటు ఆ వినయాన్ని మించినది. తన జబ్బు స్వరూపం లోకానికి తెలియడం మేలని భావించి, మరణానంతరం తన దేహాన్ని జాగ్రత్తగా పరీక్షించవలసిందిగా రాబర్ట్ స్మిత్ అనే వైద్యునికి ముందుగానే బాధ్యత అప్పగించాడు. ఇతరుల ఎముకలను తడిమి సత్యాన్ని వెదికినవాడు చివరకు తన శరీరాన్నే పాఠంగా అందించాడు. ఆ స్మిత్ 1847లో ఎముక కొస ముందుకు జరిగే మరొక విధమైన విరుపును వర్ణించాడు. అది నేటికీ స్మిత్ ఫ్రాక్చర్‌గా పిలువబడుతున్నది. గురుశిష్యులవలె ఆ రెండు పేర్లూ ప్రక్కప్రక్కన నిలిచాయి.

అవి ఒక పట్టికలో కూడ ప్రక్కప్రక్కనే ఉన్నాయి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 1948 నుండి నిర్వహిస్తున్న అంతర్జాతీయ వ్యాధుల వర్గీకరణలో ప్రతి జబ్బుకు ఒక సంకేతం ఉంటుంది. దాని పదవ సవరణలో రత్ని ఎముక క్రింది కొస విరుపుకు సంకేతం ఎస్ 52.5. కోలీస్, స్మిత్ విరుపులు రెండూ ఇందులోనివే. అమెరికాలో 2015 నుండి వాడుకలో ఉన్న రూపంలో ఇది ఇంకా సూక్ష్మమవుతుంది. కోలీస్ విరుపు ఎస్ 52.53, కుడిచేయి అయితే చివర 1, ఎడమచేయి అయితే 2. స్మిత్ విరుపు ఎస్ 52.54. మణికట్టులోని ఎనిమిది చిన్న ఎముకలకు వేరే స్థానం ఉన్నది: నౌకాకారపు ఎముకకు ఎస్ 62.0, తక్కినవాటికి ఎస్ 62.1. రోగి మణికట్టు విరిగిందని మాత్రమే చెబుతాడు. ఏ ఎముక, ఎక్కడ, ఏ వైపున అన్నది సంకేతం అడుగుతుంది.

మన విద్యార్థులలో కొందరు పట్టభద్రులై విశాఖపట్నం, హైదరాబాదు నగరాలలో మెడికల్ కోడింగ్ ఉద్యోగాలకు పోతున్నారు. దూరదేశపు రోగి చికిత్సాపత్రాన్ని చదివి సరియైన సంకేతాన్ని వ్రాయడం వారి పని. ఒక్క అంకె తారుమారైతే కుడిచేయి ఎడమచేయి అవుతుంది. బీమా సొమ్ము ఆగిపోవచ్చు. దేశపు ఆరోగ్య లెక్కలలో అసత్యం చేరుతుంది. ఇది కేవలం గుమాస్తా పని అని చులకన చేయరాదు. ఇది కీలు కాదు, ఎముక అని 1814లో కోలీస్ తేల్చి చెప్పినది ఏ పనియో, ఆ పనికి ఇది కొనసాగింపు. దెబ్బతిన్న చేతికి దాని నిజమైన పేరు పెట్టడమే ఆయన చేసిన ఉపకారం. చేతిలో ఉన్నది వ్రేలికొనయైనా, గణకయంత్రపు మీటయైనా, నిదానించి, నిజం తెలుసుకొని, ఆ తరువాతనే పేరు వ్రాసే అలవాటును విద్యార్థులు ఆయన జీవితం నుండి గ్రహింతురు గాక.